మెదడు ఆఫీసులో ఎడమ కిటికీ

సోమవారం పదింటికల్లా పూర్తి కావలసిన పనులు ఇవీ అంటూ నోటీసు బోర్డు మీద కాగితం అంటించారు. చూసేవాళ్ళు బల్లలతో సహా వెనక గదిలోకి మారాలి. వినేవాళ్ళు రెండు పక్కల గదుల్లో సర్దుకోవాలి. మాట్లాడేవాళ్ళు ఎడమవైపు కిటికీ దగ్గర కూర్చోవాలి. గుర్తుంచుకునేవాళ్ళు లోపలి గదిలో, భయపడేవారు దాని పక్కనే ఉండాలి. నిర్ణయాల కోసం ముందువైపు గదికి సున్నం కొట్టించి, మంత్రిగారి కోసం తాళం వేసి ఉంచాలి. ఒకరి పని ఒకరు చేయరాదు. టీ మాత్రం అందరూ తాగవచ్చు.

సంక్షేమ కార్యాలయం చరిత్రలో ఇంత శాస్త్రీయమైన కాగితం అంతకుముందు ఎవరూ అంటించలేదు.

దీనికంతటికీ మూలం మంత్రిగారి తలనొప్పి. స్కానింగు తీసిన డాక్టరు ఆయన మెదడును తెర మీద రంగురంగుల్లో చూపించి, ముందు భాగం నిర్ణయాలకనీ, వెనక భాగం చూపుకనీ, పక్కలు వినికిడికనీ, ఎడమవైపు ఈ కాస్త చోటు మాటకనీ, లోపలి బాదం గింజంత ముక్క భయానికనీ వివరించాడు. మంత్రిగారు చలించిపోయారు.

"ఒక్క తలకాయలో ఇన్ని డిపార్టుమెంట్లా! అయినా ఒక్క ఫైలూ ఆగట్లేదు చూశారా!"

"అవన్నీ ఒకదానితో ఒకటి కలిస్తేనే పని జరుగుతుందండీ. మధ్యలో నరాలు..." అని డాక్టరు ఏదో చెప్పబోయాడు. కానీ అప్పటికే విలేకరులు లోపలికి వచ్చేశారు.

ఆ కార్యాలయంలో ఒక గుమాస్తా ఉండేవాడు. వాళ్ళింట్లో డిగ్రీ చదివిన మొదటివాడు. నాలుగు పుస్తకాలు పొల్లుపోకుండా అప్పజెప్పి పాసయ్యాడని తోటివాళ్ళు అతన్ని 'బట్టీ' అని పిలిచేవారు. సహజంగానే అతన్ని జ్ఞాపకం గదిలో వేశారు. కాగితం చూడటం వెనక గది పని కాబట్టి అతను కాగితం ముట్టకూడదు. వెనక గదివాళ్ళు అర్జీ చదువుతారు, పక్క గదివాళ్ళు వింటారు, వచ్చి చెప్తే బట్టీ గుర్తుంచుకుంటాడు. చదివేసిన కాగితంతో ఇక పనేముంటుంది? చించేసేవారు. పదిహేను రోజులు తిరిగేసరికి బట్టీ బుర్రలో నాలుగు వందల పన్నెండు అర్జీలు చేరాయి. చెప్పులు ఎక్కడ విడిచాడో మాత్రం రోజూ మరిచిపోయేవాడు. అయినా ప్రభుత్వం అప్పగించిన పని కదా అని శ్రద్ధగా చేశాడు.

భయం పోస్టు సూపరింటెండెంటు గారికి దక్కింది. "ముప్పై ఏళ్ళుగా అందరి తరఫునా ఊరికే భయపడుతున్నానయ్యా. ఇన్నాళ్ళకి గుర్తించారు" అని ఆయన కళ్ళు తుడుచుకున్నారు.

అలాంటి రోజుల్లో బట్టీ అక్క, మొగుణ్ణి వెంటబెట్టుకుని ఆఫీసుకి వచ్చింది.

బావ కరెంటు లైన్‌మన్. రెండు నెలల కిందట స్తంభం మీంచి పడ్డాడు. తలకి ఎడమవైపు దెబ్బ తగిలింది. కాళ్ళూ చేతులూ కొంత కోలుకున్నాయి గానీ మాట పోయింది. ఎదుటివాళ్ళు చెప్పింది అక్షరం పొల్లుపోకుండా అర్థమవుతుంది. తాను చెప్పబోతే మాత్రం నోట్లోంచి ఒకటే ముక్క వస్తుంది: "తప్పకుండా చూద్దాం." కరెంటు పోయిందని తలుపు తట్టినవాళ్ళందరికీ ఇరవై ఏళ్ళు చెప్పిన మాట అది. మిగతా మాటలన్నీ రాలిపోయి అదొక్కటే నాలిక మీద మిగిలింది. అప్పట్లో ఆ మాట అని, వెళ్ళి చూసేవాడు.

'మాట పోయింది, బుద్ధి సరిగ్గానే ఉంది' అని సంక్షేమ కార్యాలయం నుంచి నెలాఖరులోగా కాగితం తెస్తే, స్టోర్లో కూర్చోబెట్టి పని ఇస్తామంది కరెంటు ఆఫీసు. తేకపోతే ఉద్యోగం పోతుంది, దాంతోపాటు క్వార్టరూ పోతుంది. నెలాఖరుకి ఇంకా మూడు రోజులే ఉన్నాయి.

"ఒరే, లోపలే ఉన్నావు కదరా. ఒక్క కాగితం ఇప్పించలేవా?" అంది అక్క.

"అక్కా, నాది గుర్తుంచుకునే పని. ఇవ్వడం నా కిందకి రాదు."

"చిన్నప్పుడు నీ చొక్కాకి గుండీలు పెట్టి బడికి పంపింది ఎవరో, అదైనా గుర్తుందా?"

"ఉంది. కానీ అది అర్జీగా రాలేదు కదక్కా."

అక్క నెత్తి కొట్టుకుని బావ చెయ్యి పట్టుకుంది.

వెనక గదివాళ్ళు బావని ఎగాదిగా చూసి, 'మనిషి కనబడుచున్నాడు' అని సంతకం చేశారు. పక్క గదిలో "వినబడుతోందా?" అని అడిగారు. బావ తల ఊపాడు. "తల ఊపితే అది వినికిడి కాదమ్మా, చూపు. వెనక గదికి తీసుకెళ్ళండి" అన్నారు. వెనక గదివాళ్ళు తల ఊపడం చూసి మళ్ళీ సంతకం చేశారు.

చివరికి ఎడమ కిటికీ. అక్కడ కూర్చున్నాయన్ని ఆఫీసులో 'మైకు' అంటారు.

"నీ పేరేంటి?"

"తప్పకుండా చూద్దాం" అన్నాడు బావ.

"ఏం కష్టం వచ్చింది?"

"తప్పకుండా చూద్దాం."

"అయితే మాట పోయిందని రాయమంటావా?"

బావ కళ్ళనిండా నీళ్ళతో రెండు చేతులూ జోడించాడు. "తప్పకుండా చూద్దాం!"

మైకు కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. "ఈయనకి మాట పోయిందన్నది ఎవరమ్మా? మూడు ప్రశ్నలకి మూడు జవాబులు! ఒక్కదాంట్లో అయినా తడబడ్డాడా?"

"బాబూ, ఆయనకి అదొక్కటే వస్తుంది."

"ఇంకేం కావాలమ్మా?" అంటూ కాగితం మీద 'మాట దివ్యంగా ఉన్నది' అని రాసి ముద్ర గుద్దాడు.

బట్టీ సూపరింటెండెంటు దగ్గరికి పరిగెత్తాడు. "సార్, మా బావ బతుకు పోతుంది సార్."

"నీ తరఫున భయపడతానయ్యా. నా అధికారం అంతవరకే" అన్నారాయన. అని ఊరుకోలేదు, అక్కడికక్కడే చెమటలు పట్టేలా భయపడ్డారు కూడా. ఆ తరవాత బట్టీ ముందు గదికి వెళ్ళాడు. తాళం వేసిన తలుపు మీద 'ఆలోచన జరుగుచున్నది. నిశ్శబ్దము' అన్న బోర్డు వేలాడుతోంది. చెవి ఆనించి విన్నాడు. బోర్డు చెప్పింది నిజమే, నిశ్శబ్దంగానే ఉంది.

మర్నాడు అక్క పట్టు వదలక బావని మళ్ళీ తీసుకొచ్చింది. మైకు టీకి వెళ్ళాడు. బావకి కాళ్ళు పీకుతుంటే అక్క అతన్ని కిటికీ లోపలి కుర్చీలోనే కూర్చోబెట్టింది. కుర్చీలో మనిషి కనబడగానే బయట క్యూ కట్టారు. బావ ఒక్కొక్కరి గోడూ ముందుకి వంగి విన్నాడు. ఒకావిడ ఏడిస్తే తనూ ఏడ్చాడు. అందరికీ "తప్పకుండా చూద్దాం" అన్నాడు. వచ్చినవాళ్ళు దండాలు పెట్టి తేలికపడి వెళ్ళిపోతున్నారు.

సరిగ్గా అప్పుడే మంత్రిగారు తనిఖీకి వచ్చారు. గుమ్మంలోనే ఆగిపోయారు.

"ఎవరయ్యా ఈ ఆణిముత్యం?"

"మా బావండీ. పాపం, మాట పోయిందండీ" అన్నాడు బట్టీ.

"మాట పోవడమా! ఈ మాట దగ్గరికి రావడానికి నాకు పాతికేళ్ళు పట్టిందయ్యా." అక్కడికక్కడే బావని ఎడమ కిటికీకి బదిలీ చేయించారు.

"సార్, ఆయనకి కావలసింది అది కాదండీ. కరెంటు ఆఫీసుకి ఒక్క కాగితం..."

"తప్పకుండా చూద్దాం" అన్నారు మంత్రిగారూ, బావా ఒకేసారి.

నెలాఖరు రోజున మంత్రిగారి ఫోనుకి ఎవరో ఒక సందేశం పంపారు. మనిషి తన మెదడులో పదో వంతు మాత్రమే వాడతాడట. మంత్రిగారు మళ్ళీ చలించిపోయారు. మిగతా తొమ్మిది వంతులు దండగే కదా! సాయంత్రానికి వెనక గది, పక్క గదులు, లోపలి గది మూసేశారు. మైకు సహా అందరినీ ఇంటికి పంపేశారు. పోస్టు తీసేశారనగానే సూపరింటెండెంటు గారికి మొదటిసారి తన తరఫున భయం వేసింది. ఎడమ కిటికీ ఒక్కటీ మిగిలింది, లోపల బావ.

ఆ నెలకి పెండింగు అర్జీలు సున్నా అని నివేదిక వెళ్ళింది. అర్జీలన్నీ బట్టీ తలలో ఉన్నాయి, బట్టీ ఇంట్లో ఉన్నాడు. కార్యాలయానికి ఉత్తమ సేవా పురస్కారం వచ్చింది. దాన్ని ముందు గదిలో గోడకి తగిలించి మళ్ళీ తాళం వేశారు.

బావ ఇప్పుడు కరెంటు మనిషి కాదు కాబట్టి క్వార్టరు ఖాళీ చేయించారు. అందరూ బట్టీ ఉంటున్న ఒంటిగదిలోనే సర్దుకున్నారు. సాయంత్రం ఇంటికి రాగానే బావ చొక్కా అయినా విప్పడు. ఆ రోజు కిటికీకి వచ్చినవాళ్ళని ఒక్కొక్కరినీ చేసి చూపించడం మొదలుపెడతాడు. ఒక కాలు ఈడ్చి నడుస్తాడు. చంకలో బిడ్డను ఎత్తుకున్నట్టు నిలబడతాడు. కళ్ళ మీద చెయ్యి పెట్టుకుని గోడ తడుముతాడు. "కుంటాయన... కాదా? కర్ర పట్టుకున్న ముసలాయనా?" అంటూ అక్క పోల్చుకుంటుంది. సరిగ్గా చెప్పేదాకా బావ వదలడు. అక్క చెప్పింది బట్టీ అప్పజెప్పుకుంటాడు. లెక్క ఆరు వందలు దాటింది. అందరి సంగతీ ఎవరికి చెప్పాలో ముగ్గురికీ తెలీదు.

మీరెప్పుడైనా ఆ కిటికీ దగ్గరికి వెళ్తే, జవాబు విని విసుక్కోకండి. లోపల కూర్చున్నది ఒక లైన్‌మన్. మీరు చెప్పినదంతా ఆయనకి అర్థమైంది. ఇంటికి వెళ్ళాక కూడా ఆయన్ని కాస్త గుర్తుంచుకోండి.