చెరి సగం నంబరు

ఆదివారం ఉదయం ఎనిమిదిన్నరకి సరస్సు ఒడ్డున కారు దిగిన స్టోర్ కీపరు ఆ రోజుకి వేసుకున్న ప్లాను చాలా చిన్నది. సామాను దించడం, దాన్ని కేబుల్‌తో కట్టి తాళం వెయ్యడం, ఆ తర్వాత నిశ్చింతగా కూతురి పడవ పందెం చూడడం. రెండో పని మానేసి ఉంటే మూడోది బ్రహ్మాండంగా జరిగేది. కానీ రెండో పని మానేసే మనిషి స్టోర్ కీపరు ఎలా అవుతాడు?

ఆయన్ని పూర్తిగా తప్పుపట్టడానికీ లేదు. పోయిన నెల కూతురి ప్రాక్టీసు చూడ్డానికి వచ్చినప్పుడు ఇదే ఒడ్డున ఒక మడత కుర్చీ, ఒక గ్యాస్ స్టవ్వు పట్టపగలు మాయమైపోయాయి. ఇరవై రెండేళ్లుగా పెద్ద ఆసుపత్రి స్టోరులో సూది కూడా పోకుండా కాపలా కాసిన మనిషికి సొంత స్టవ్వు పోవడమంటే తల కొట్టేసినట్టే. నాలుగు రోజులు తిండి సయించలేదు. ఐదో రోజు బజారుకి వెళ్లి పదిహేను మీటర్ల ఉక్కు కేబుల్ కొనుక్కొచ్చాడు. చుట్టచుడితే చేతిసంచిలో పడుతుంది, చివర నాలుగంకెల తాళం ఉంటుంది. ఏనుగు లాగినా తెగదని కొట్టువాడు హామీ ఇచ్చాడు. ఈ వ్యవహారం మొత్తంలో అన్న మాట నిలబెట్టుకున్నవాడు ఆ కొట్టువాడొక్కడే.

పందెం కూడా ఆషామాషీది కాదు. తెడ్డు పడవల జట్టుకి ఇద్దరమ్మాయిల్ని ఎంచుకునే పందెం. పదిన్నరకి మొదలు. పదింటిలోపు ఏడు పడవలూ అవతలి గట్టున హాజరు వేయించుకోవాలి. ఒక్క నిమిషం దాటినా రానివ్వరు. స్టోర్ కీపరు కూతురికి వచ్చే నెల పద్దెనిమిది నిండుతాయి. నిండాక ఈ ఎంపిక పందేనికి ఇక రానివ్వరు. రెండేళ్లుగా ఆ పిల్ల తెల్లవారుజామునే లేచి నీళ్లమీద చేతులు బొబ్బలెక్కించుకుంటోంది. ఆమె అరచేతులు చూసినప్పుడల్లా తండ్రికి జాలేసేది. అయినా పైకి మాత్రం చేతికి తొడుగులు పెట్టుకోమని కసిరేవాడు.

తల్లీ కూతుళ్లు పేరు రాయించడానికి కోచ్ దగ్గరికి వెళ్లారు. ఒడ్డున స్టోర్ కీపరూ, ఆయన మామగారూ మిగిలారు. కాంక్రీటులో పాతిన ఇనుప బెంచీ ఒకటి చూసుకుని, దాని కాలి చుట్టూ కేబుల్ వేసి, నాలుగు మడత కుర్చీలు, కొత్త స్టవ్వు, డేరా మూట, బట్టల సంచి, టిఫిను బుట్ట అన్నింటిలోంచీ దూర్చాడు. అప్పటికీ సగం కేబుల్ మిగిలింది. పక్కనే జీపు వెనక తగిలించిన ట్రాలీ మీద క్లబ్బువాళ్ల ఏడు పడవలు ఏ దిక్కూ లేకుండా ఉన్నాయి. డ్రైవరు టీకి వెళ్లాడు. ప్రతి పడవ ముక్కునా ఒక ఇనుప రింగు ఉంది. అన్ని రింగులు కళ్లెదుట ఖాళీగా కనిపిస్తూ ఉంటే స్టోర్ కీపరు చెయ్యి ఊరుకుంటుందా? ఏడింటిలోంచీ కేబుల్ దూర్చి మళ్లీ బెంచీ దగ్గరికి తెచ్చాడు. పోనీలే, వాళ్లకీ ఒక ఉపకారం అనుకున్నాడు.

ఇక నంబరు పెట్టాలి. ఆసుపత్రిలో ఖరీదైన మందుల గదికి ఒక పద్ధతుంది. తాళం నంబరులో మొదటి సగం స్టోర్ కీపరుకే తెలుసు, రెండో సగం ఆయన అసిస్టెంటుకే తెలుసు. ఇద్దరూ ఉంటే తప్ప గది తెరుచుకోదు. ఇరవై రెండేళ్లలో ఒక్క మాత్ర పోకపోవడానికి ఆ పద్ధతే కారణమని ఆయన నమ్మకం. ఇంట్లో బీరువాకి కూడా అదే పెడదామని ఒకసారి అంటే భార్య వారం రోజులు మాట్లాడలేదు. ఇప్పుడు భార్య దగ్గర లేదు.

"మామయ్యగారూ, మొదటి రెండంకెలూ నేను పెట్టేశాను. చివరి రెండూ మీరు పెట్టండి. నాకు మాత్రం చెప్పొద్దు," అన్నాడు.

"చెప్పను," అన్నారు మామగారు గంభీరంగా.

మామగారు ముప్పై ఐదేళ్లు గడియారాలు బాగుచేశారు. ఆవగింజంత స్క్రూని పట్టుకారుతో పట్టిన మనిషి. తన కళ్లమీదా వేళ్లమీదా ఆయనకి గట్టి గురి. స్టోర్ కీపరు తాళం పక్కనున్న మీట నొక్కి పట్టుకుని, తన అంకెల మీద బొటనవేలు కప్పి, మొహం అటు తిప్పుకుని, కళ్లు కూడా మూసుకున్నాడు. కాసేపటికి మామగారు "అయింది" అన్నారు. మీట వదిలి, తాళం బిగించి, అంకెలన్నీ చెల్లాచెదురుగా తిప్పేశాడు. ఇక బ్రహ్మదేవుడు దిగి వచ్చినా ఇందులోంచి ఒక చెంచా తీసుకోలేడు. ఆ ఆనందంలో కూర్చుందామని చూస్తే కుర్చీలన్నీ కేబుల్‌లో ఉన్నాయి.

తొమ్మిదింటికి సరస్సు చుట్టూ తిప్పే లాంచీ బయల్దేరుతోందని మామగారు ఎక్కి వెళ్లారు. అది వెళ్లిన పది నిమిషాలకి కోచ్ వచ్చింది. మెడలో విజిలు వేసుకున్న పొడుగాటి మనిషి ఆమె. ఆమె వెనక టీ తాగిన డ్రైవరు, ఏడుగురు అమ్మాయిలు, స్టోర్ కీపరు భార్య. ఒడ్డు వెంట అవతలి గట్టుకి పావుగంట ప్రయాణం. డ్రైవరు ఎక్కి జీపు కదిలించాడు. ట్రాలీ మూరెడు దూరం కదిలి ఆగిపోయింది. పడవలన్నీ ఒక్కసారిగా వెనక్కి జరిగాయి, కుర్చీలు ఒకదానిమీదొకటి ఎక్కాయి, స్టవ్వు బోర్లాపడింది. కోచ్ విజిలు వేసింది. అప్పుడు కదా అందరి చూపూ కేబుల్ మీద పడింది, కేబుల్ వెంట నడిచి స్టోర్ కీపరు మీద ఆగింది.

"భద్రంగా ఉంటాయని," అన్నాడాయన.

"నాన్నా, తియ్యి," అంది కూతురు.

తాను సగమే తియ్యగలననీ, మిగతా సగం మామగారి దగ్గరుందనీ చెప్పాడాయన. భార్య వెంటనే తన తండ్రికి ఫోను చేసింది. బట్టల సంచిలోంచి గణగణా మోత వినిపించింది. కేబుల్ దూరిన సంచిలో, కేబుల్ కిందనే, మామగారి ఫోను అదురుతూ అరుస్తూ ఉంది.

అయినా స్టోర్ కీపరు ధైర్యం కోల్పోలేదు. తెలియనివి రెండంకెలే. అన్నీ వరసగా చూసుకుంటూ పోతే ఎక్కడో ఒక చోట తెరుచుకోక తప్పదు. మొదటి రెండూ ముప్పై ఏడు మీద నిలబెట్టి, మోకాళ్లమీద కూలబడి, ఒకటి దగ్గర మొదలుపెట్టాడు. ఒకటి, రెండు, మూడు. ఒక్కో అంకెకీ తాళం లాగి చూస్తూ ఒక్కో గడి ముందుకి వెళ్తున్నాడు. ఇరవై దాటేసరికి చొక్కా వీపుకి అంటుకుపోయింది. నలభై దాటేసరికి ఏడుగురు అమ్మాయిలూ ఆయనతోపాటు మెల్లగా లెక్కపెట్టడం మొదలుపెట్టారు. ఎనభై దగ్గర అందరి గొంతులూ తగ్గాయి. తొంభై తొమ్మిది దగ్గర ఎవరూ గాలి పీల్చలేదు. తాళం తెరుచుకోలేదు.

"అన్నీ చూశారా?" అంది భార్య.

"ఒక్కటి వదల్లేదు. కావాలంటే మళ్లీ చూస్తాను."

మళ్లీ చూశాడు. ఈసారి ఎవరూ లెక్కపెట్టలేదు. యాభై మూడు దగ్గర భుజం మీద ఒక చెయ్యి పడింది. సరస్సు కాపలాదారు. పోయిన నెల దొంగతనం తర్వాత అతనికి పైవాళ్లు గట్టిగా అక్షింతలు వేశారు. పడవల తాళాన్ని ఒక మనిషి చెమటలు కక్కుతూ తిప్పడం అతను దూరం నుంచి పది నిమిషాలుగా చూస్తున్నాడు.

"ఈ తాళం ఎవరిది?"

"నాదే."

"అయితే నంబరు చెప్పండి."

"సగం తెలుసు," అన్నాడు స్టోర్ కీపరు.

కాపలాదారు ఉద్యోగంలో చాలా మాటలు విన్నాడు కానీ ఈ మాట వినలేదు. ఆయన్ని వదిలేసేటట్టు చెయ్యడానికి కోచ్‌కి నాలుగు నిమిషాలు పట్టింది. అప్పటికి తొమ్మిదీ ముప్పై ఐదు. ఆఫీసులో ఇనుప తీగలు కత్తిరించే కట్టరు ఉందని కాపలాదారే చెప్పాడు. స్టోర్ కీపరు పరుగెత్తాడు. అక్కడి స్టోరు గుమాస్తా అంతా శ్రద్ధగా విని, కట్టరు కావాలంటే కాగితం మీద రాసివ్వాలన్నాడు. రాసిచ్చాడు. దాని మీద మేనేజరు సంతకం కావాలన్నాడు. మేనేజరు ఎక్కడున్నాడంటే లాంచీ మీద ఉన్నాడన్నాడు. గుమాస్తా వెనక గోడకి కట్టరు వేలాడుతూ కనిపిస్తూనే ఉంది. ఇంకెవరైనా అయితే అక్కడ కొట్లాట అయ్యేది. స్టోర్ కీపరుకి మాత్రం ఆ గుమాస్తా మీద ఒక పక్క కోపమూ, ఇంకో పక్క గౌరవమూ కలిగాయి. తానైనా ఇవ్వడు.

ఉత్త చేతులతో తిరిగొచ్చాడు. డ్రైవరు కేబుల్‌ని రాయితో కొడుతున్నాడు. రాయి పగిలింది. కూతురు బెంచీ చివర కూర్చుని నీళ్లకేసి చూస్తోంది. తిట్టినా బాగుండును అనుకున్నాడాయన. తిట్టలేదు.

"ఈ రెండేళ్లలో నేనేనాడూ ఆలస్యంగా రాలేదు నాన్నా," అంది, అంతే.

స్టోరులో ఒక్క వస్తువు పోలేదని ఇరవై రెండేళ్లు గొప్పలు చెప్పుకున్నాడు. ఇవాళ కన్నకూతురి ఆశని తన చేత్తో కట్టేసి తాళం వేసుకున్నాడు. ఎవరూ చూడకుండా కళ్లు తుడుచుకున్నాడు.

తొమ్మిదీ నలభై ఏడుకి లాంచీ కనిపించింది. కొంగలు కనిపించాయని దాన్ని మధ్యలో ఆపించింది మామగారేనని తర్వాత తెలిసింది. ఆయన దిగేసరికి ఒడ్డున పదిమంది వరసకట్టి ఉన్నారు. తనకోసం ఇంతమంది ఎదురు రావడం చూసి మొదట సంతోషించారు.

"తాతయ్యా, నంబరు చెప్పు," అంది మనవరాలు.

మామగారు మనవరాలి మొహం చూశారు, కేబుల్ చూశారు, అల్లుణ్ణి చూశారు. "పదిమందిలో చెప్పే నంబరా అది? పద్ధతంటే పద్ధతే కదా," అని అల్లుడి మోచెయ్యి పట్టుకుని బెంచీ వెనక్కి లాక్కుపోయారు. మనవరాలు మళ్లీ వెళ్లి బెంచీ చివర కూర్చుంది. అక్కడ ఆయన గొంతు బాగా తగ్గిపోయింది. కళ్లజోడు ఇంట్లో మర్చిపోయారట. తాళం మీద అంకెలు చీమల్లా కనిపించాయట. కనిపించడం లేదని చెప్తే గడియారాల మనిషికి మర్యాద ఏముంటుంది?

"తిప్పినట్టు వేళ్లు కదిపాను, అంతే అల్లుడుగారూ. తిప్పలేదు."

"మరి అంకెలు ఎంత మీద ఉన్నట్టు?"

"కొన్నప్పుడు ఎంత మీద ఉన్నాయో అంత మీదే."

కొన్నప్పుడు అన్నీ సున్నాల మీదే ఉన్నాయి. స్టోర్ కీపరు వేళ్లమీద లెక్క చూసుకున్నాడు. ఆయన స్టోరులో అలమరాలు ఒకటి నుంచి మొదలవుతాయి. అరలు ఒకటి నుంచే, పెట్టెలు ఒకటి నుంచే. సున్నా అంటే ఆయన దృష్టిలో వస్తువు లేని చోటు. వెతకడానికి అక్కడేముంది? అందుకే వందలో తొంభై తొమ్మిది నంబర్లూ చూసి, సగానికి పైగా మళ్లీ చూసి, ఒక్కదాన్ని రెండుసార్లూ గడప దగ్గరే వదిలేశాడు. మామగారు కళ్లజోడు మర్చిపోయినా, లాంచీ ఎక్కి అవతలి ఊరికి వెళ్లిపోయినా, సున్నా నుంచి మొదలుపెట్టి ఉంటే ఆ తాళం మొదటి అడుగులోనే తెరుచుకుని ఉండేది.

అల్లుడూ మామగారూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. మాట అక్కర్లేకుండానే ఒప్పందం కుదిరింది. స్టోర్ కీపరు తాళాన్ని అరచేత్తో కప్పి చివరి రెండంకెలూ సున్నాల మీదికి తిప్పాడు. అది బుద్ధిగా టక్కున ఊడింది.

తొమ్మిదీ యాభై రెండు. ట్రాలీ మీద వెళ్తే అందదు. కోచ్ విజిలు వేసి పడవలన్నింటినీ నీళ్లలోకి దింపించింది. ఏడుగురూ సరస్సుకి అడ్డంగా పడ్డారు. ఒడ్డున స్టోర్ కీపరు కూర్చోలేక నిలబడలేక, ఒక మడత కుర్చీని చంకలో పెట్టుకుని గట్టు వెంట పరుగెత్తాడు. అవతల అంపైరు హాజరు పుస్తకం మూసేముందు వాచీ చూసుకున్నాడు. ఏడో పడవ గట్టుకి తగిలేసరికి పదికి ఒక్క నిమిషం తక్కువ.

పందెంలో ఆయన కూతురు రెండోదిగా వచ్చింది. జట్టులోకి ఇద్దరు. ముందు సరస్సు దాటి రావడంతో చేతులు బాగా వేడెక్కాయనీ, ఇకమీదట ప్రతి పందేనికీ ముందు పిల్లల్ని ఇలాగే హడలగొట్టాలనీ కోచ్ అంది. స్టోర్ కీపరు ఈసారి కళ్లు బాహాటంగానే తుడుచుకున్నాడు.

మధ్యాహ్నం బెంచీ దగ్గరికి తిరిగొచ్చేసరికి స్టవ్వు, డేరా, సంచులు, కుర్చీలు మూడు గంటలుగా ఏ తాళమూ లేకుండా పడి ఉన్నాయి. ఒక్క చెంచా పోలేదు. ఇంతకీ అసలు నంబరు ఏమిటని భార్య అడిగింది. తాళం బిగుసుకుపోయిందన్నాడాయన. కొత్త సరుకు కదా, అంతేనన్నారు మామగారు. ఆ రకంగా ఇద్దరూ కలిసి ఏ పాపమూ ఎరగని కొట్టువాణ్ణి ముంచారు.

కారు దగ్గర తండ్రి కేబుల్ చుట్టచుడుతుంటే రెండో కొస కూతురు పట్టుకుంది. తాతయ్యా నాన్నా రహస్యం మాట్లాడుకున్న బెంచీ చివరే తను కూర్చుందన్న సంగతి వాళ్లిద్దరికీ గుర్తున్నట్టు లేదు.

"నాన్నా, పొద్దున్న లెక్క ఎక్కణ్ణుంచి మొదలుపెట్టావు?" అంది.

ఆయన చుట్టిన కేబుల్‌నే విప్పి మళ్లీ చుట్టసాగాడు. ఆ పిల్ల బొబ్బలెక్కిన చేత్తో ఆయన భుజం తట్టి, అమ్మకి చెప్పనులే అని నవ్వింది.

మర్నాడు ఆసుపత్రి స్టోరులో ఒకటో నంబరు అలమరాకి ముందు సున్నా నంబరు అలమరా ఒకటి వెలిసింది. అందులో ఆ కేబుల్ తప్ప ఇంకేమీ లేదు.