గుర్రంలో వెనక సగం

మా మిసుమాకి గ్రామం కన్న మహానటుడు ఇనబా తొకుజిరో గారి అభిమాన సంఘం తరఫున సగర్వంగా తెలియజేయునది ఏమనగా, ఆయన టోక్యోలో కబుకి అనే పాతకాలపు నాటకాల రంగస్థలం మీద, ఇద్దరు దూరి ఆడే గుర్రం వేషంలో చాలా ఏళ్ళుగా వెనక కాళ్ళుగా రాణిస్తున్నారు. ముందు కాళ్ళు ఒసాము అనే పెద్ద నటుడివి. పైన కూర్చునే సేనాధిపతి ఎవరో మాకు అనవసరం.

తొకుజిరోది ఒకటే కోరిక. తన ముఖాన్ని జనం ఒక్కసారి చూడాలి. గుర్రంలో ఆయన ముఖానికి దొరికిన చోటు ఒసాము నడుం వెనక.

నిరుడు సంఘమంతా బస్సులో నాటకానికి వెళ్ళాం. ఓడిపోయిన సేనాధిపతి గుర్రం మీద మౌనంగా కుములుతున్నాడు. హాలంతా నిశ్శబ్దం. నచ్చిన నటుణ్ణి పేరు పెట్టి కేకేయడం అక్కడి మర్యాద. మా అధ్యక్షులు కుమెడా గారు లేచి, "ఇనబా! మిసుమాకి బిడ్డా!" అని గొంతు చించుకున్నారు.

పెద్దలు పిలిస్తే నడుం వంచి నమస్కరించకుండా ఉండటం మా వాళ్ళ వల్ల కాదు. గుర్రం వెనక సగం నమస్కరించింది.

"ఒరేయ్ తొకూ, నిలబడరా, చస్తాం!" గుర్రం కడుపులోంచి ఒసాము గొంతు.

"మా ఊరి పెద్దాయన పిలిచాడన్నా! పలక్కపోతే ఊళ్ళో తలెత్తుకోగలనా?"

"ఇప్పుడు మాత్రం నీ తల ఎక్కడుందిరా?"

సేనాధిపతి తోక మీదుగా నేలకు దిగారు.

తెల్లారి పత్రికలో ఒక విమర్శకుడు, ప్రభువు దుఃఖం మోయలేక అశ్వం కుంగిన తీరు అపూర్వమని రాశాడు. తొకుజిరోను తీసేయబోయిన యాజమాన్యం రోజూ కుంగమని ఆదేశించింది. సేనాధిపతికి నడుం పట్టీ మంజూరైంది.

ఆ కీర్తి విని సినిమా వాళ్ళు పిలిచారు. ఈసారి ముఖంతోనే. ఆ సినిమాను మా ఊరి హాల్లో వేశారు. తొకుజిరో కొత్త కోటు వేసుకుని, తెర పక్కన మా వైపు తిరిగి నిలబడ్డాడు. తెర నిండా ఆయన ముఖం వచ్చింది. బాగా ఏడ్చాడు. నేను చూశాను.

"ఎవరయ్యా ఇతను?" అన్నారు కుమెడా గారు, సాకే సారా ఓ గుక్కేసి.

"మన తొకూనేనండీ."

"అలాగా. గుర్రం ఎప్పుడొస్తుంది?"

రాలేదు. సగం మంది ఇంటికెళ్దామని చెప్పులు వెతుక్కున్నారు. "ఆ మొహంలో ఏముందే? వెనక నుంచైతే ప్రాణం తీసేవాడు," అంది సాకే కొట్టు ఒసెకి అత్త.

తొకుజిరో వెనక్కి తిరిగి తలుపు వైపు నడిచాడు.

"అదిగో మన తొకూ!" అని హాలంతా లేచి చప్పట్లు కొట్టింది.

వచ్చే నెల నుంచి ఆయన మళ్ళీ గుర్రంలో ఉంటారు. మీరూ రండి. ఎక్కడ ఏడవాలో తెలియదని బెంగ వద్దు, కుమెడా గారు సమయానికి సైగగా చెయ్యెత్తుతారు. మీకది కొత్తేం కాదు. మీ ఊళ్ళోనూ ఎవరో ఒకరు ఎత్తుతూనే ఉంటారు కదా.