చుట్టరికం లేదని చిట్టీ

"సూర్యాపేట తాలూకా ప్రజలకు తెలియజేయునది ఏమనగా! నేటి నుండి రక్తసంబంధీకుల మధ్య పెండ్లిండ్లు బంద్! మేనరికపు సంతానము మూగ, చెవుడు, గుడ్డి అగునని సైన్సు చెప్పినది! పెండ్లి చేయదలచినవారు పిల్లకూ పిల్లగానికీ ఏ చుట్టరికమూ లేదని సర్కారు చిట్టీ తీసుకొనవలెను! లేనిచో పుస్తె జప్తు! డండం, డండం!"

దండోరాలోని చివరి డండం కూడా హుకుంలో రాసి ఉన్నదే. కాగితం మీద పెట్టకుండా ఏదీ వదిలే మనిషి కాదు దామోదర్ సాహెబు.

యూనియన్ మిలిటరీ వచ్చి, నిజాం రాజ్యం పోయి ఇంకా ఏడాది నిండలేదు. బయటి నుంచి దిగిన ఆఫీసర్లలో ఒకాయన రోడ్లు చూసేవారు, ఒకాయన ధాన్యం చూసేవారు. నాగపూర్ నుంచి వచ్చిన దామోదర్ సాహెబు మాత్రం రక్తం చూసేవారు. ఆయన హోదా 'ఆనువంశిక ఆరోగ్య స్పెషల్ ఆఫీసర్'. ఆ మాటకు నోరు తిరగక జనం 'వంశం సాబు' అని ఊరుకున్నారు. సాబుకు తెలుగు ఒక్క ముక్క రాదు. తర్జుమాకు జవాను గట్టయ్యను పక్కన పెట్టుకున్నారు.

గొర్రెల కాపరుల ఇంట పుట్టి ఉర్దూ నాలుగో జమాత్ చదివిన గట్టయ్యకు సాబంటే ప్రాణం. ఇంత చదువుకున్న మనిషిని దగ్గరి నుంచి చూడడం ఎంతమందికి దక్కుతుంది! కాకపోతే చిన్న చిక్కుంది. కూతురు చంద్రమ్మ పెళ్లికి ఇంకా నలభై రోజులే. పిల్లగాడు బీరయ్య మిర్యాలగూడలో ఉన్న సొంత చెల్లెలి కొడుకు. చంద్రమ్మ ఉయ్యాలలో ఉన్ననాడే ఇచ్చిన మాట. ఇప్పుడు చిట్టీ దొరక్కపోతే చెల్లెలు ఈ జన్మలో పుట్టింటి గడప తొక్కదు.

"అడిగితే జనం అబద్ధం చెప్తారు. పిలుపు అబద్ధం చెప్పదు. ఎవరు ఎవరిని ఏమని పిలుస్తారో రాద్దాం. సైంటిఫిక్ మెథడ్!" అన్నారు సాబు. మర్నాడు పొద్దున్నే ఇద్దరూ సూర్యాపేట అంగట్లో నిలబడ్డారు.

ఉల్లిగడ్డలమ్మే మరియమ్మ ఒక పోలీసును కేకేసింది. "రా అల్లుడా, రెండు సేర్లు తీస్కపో."

"ఏమన్నది?"

"దామాద్ అన్నది సాబ్."

సాబు రాసుకున్నారు. "ఏందత్తా, తూకం గిట్లనేనా?" అన్నాడు పోలీసు. అదీ రాసుకున్నారు. ఆ పోలీసును కల్లు మట్టయ్య "బావా" అన్నాడు, మట్టయ్యను చాయ్ హోటల్ మస్తాన్ "కాకా" అన్నాడు. సాబు పెన్సిలు రెండుసార్లు అరిగింది. మొండికేసిన గొర్రెను "రావే నా బిడ్డా" అని లాక్కెళుతున్న ముసలాయన్ను ప్రత్యేక పరిశీలనలో ఉంచారు.

గట్టయ్య ఉండబట్టలేకపోయాడు. "సాబ్, ఇవి ఉత్త నోటి వరసలు. రక్తం కాదు."

"గట్టయ్యా, నువ్వు సైంటిస్టువా, జవానువా?"

"జవాన్ను సాబ్."

"మరి?"

గట్టయ్య అరిగిన పెన్సిలు చెక్కి సాబు చేతికిచ్చాడు.

కోదాడలో పని మరింత చురుగ్గా సాగింది. అక్కడ "బావగారూ", "మామయ్యగారూ" అంటుంటే 'గారు' అంటే దూరపు శాఖ అని సాబు సొంతంగా కనిపెట్టి దానికి పచ్చ సిరా కేటాయించారు. నెల తిరిగేసరికి చార్టు తయారైంది. కాగితాలు కుట్టి కుట్టి పరిస్తే కచేరీ మెట్ల మీది నుంచి సడక్ దాటి అవతలి గానుగ దాకా వచ్చింది. సూర్యాపేట నుంచి కోదాడ దాకా ఒకటే కుటుంబమని తేలింది. ఇంత పెద్ద కుటుంబాన్ని ఏ దేశపు సైన్సూ ఇంతవరకు కనిపెట్టలేదని సాబు హైదరాబాదుకు రాశారు. అరవై మూడు పెళ్లిళ్లు ఆగిపోయాయి. మేళగాళ్లు సన్నాయిలు అటక మీద పెట్టి కూలికి పోయారు.

గట్టయ్య కూతురి విచారణ రోజు వచ్చింది. ఇంటిల్లిపాదినీ చూడాలన్నారు సాబు. మొదట గట్టయ్య తమ్ముడు కొమురయ్య వచ్చి నిలబడ్డాడు. పుట్టు మూగ, చెవుడు. వాళ్ల అమ్మానాన్నలదీ మేనరికమే.

"ఇతను నిన్ను ఏమని పిలుస్తాడు?"

"పిలవడు సాబ్. మూగోడు."

"వేరే ఎవరినైనా?"

"ఎవర్నీ పిలవడు."

సాబు ముఖం వెలిగిపోయింది. మొత్తం చార్టులో ఎవరికీ ఏమీ కాని మొట్టమొదటి మనిషి! 'నిర్దోషమైన రక్తం' అని ఎర్ర సిరాతో రాసి, కుర్చీలోంచి లేచి మరీ షేక్‌హ్యాండ్ ఇచ్చారు. కొమురయ్య మురిసిపోయి నవ్వాడు.

గట్టయ్య తమ్ముడి వైపు చూశాడు. దండోరాలో చెప్పిన మూగా చెవుడూ తన ఇంట్లోనే ఉన్నాయి. సాబు ఆ మూగతనం చెయ్యే పట్టుకుని ఊపుతున్నారు. చెబితే బిడ్డ పెళ్లి ఆగుతుంది. చెప్పకపోతే రేపు పుట్టబోయే మనవడెలా ఉంటాడో. తమ్ముడికి మాట లేదు, తనకు ఉండీ లేకపోయెనని ఏడుపొచ్చింది.

తర్వాత బీరయ్య. చంద్రమ్మ తలుపు చాటున నిలబడింది.

"ఆ పిల్ల నిన్ను ఏమంటది?" గట్టయ్య అడిగాడు, సాబు తరఫున.

"ఏమనదు. నన్ను సూస్తెనే ఇంట్లకు ఉర్కుతది."

"మరి నువ్వు?"

"నేన్గూడ ఉర్కుత."

"శాబాష్! పిలుపే లేదు!" అని సాబు చిట్టీ మీద కలం పెట్టారు. సరిగ్గా అప్పుడే గోపమ్మ లోపలికొచ్చింది. గట్టయ్యకు తల్లి, పిల్లకు నాయనమ్మ, పిల్లగానికి అమ్మమ్మ.

"ఎంతసేపు నిలవడతర్రా! కూసో కొడుకా. నువ్వు గూడ కూసోవే బిడ్డా."

కలం ఆగింది. "ఏమన్నది?"

తర్జుమాలో దగా చేయడం గట్టయ్యకు చేతకాదు. "వాన్ని బేటా అన్నది... దాన్ని బేటీ అన్నది సాబ్."

"అన్నాచెల్లెళ్లా!" సాబు కుర్చీ వెనక్కి పడింది. "నా కచేరీలో, నా కళ్ల ముందు!"

చంద్రమ్మ గొల్లుమంది. పోలీసును పిలవమని సాబు కేకేస్తుండగా, వాకిట్లో జట్కా ఆగి ఆయన ఇల్లాలు అన్నం క్యారియరుతో దిగింది. గోపమ్మ ఎదురెళ్లింది.

"రా బిడ్డా, ఎండల పడి ఒచ్చినవ్. మా కొడుకుకు జర బువ్వ పెట్టు తల్లీ. పొద్దటిసంది రాసీ రాసీ ఎండిపోయిండు."

సాబు గట్టయ్య వైపు తిరిగారు. గొంతు తగ్గింది. "మా ఆవిడను ఏమన్నది?"

"బేటీ సాబ్."

"నన్ను?"

"బేటా సాబ్." గట్టయ్య వినయంగా సిరాబుడ్డి ముందుకు జరిపాడు. "చార్టుల రాయమంటరా?"

క్యారియరు మూత తీసిన ఇల్లాలు, భోజనానికి రమ్మని పిలిచింది. సాబు ఆమెను చూశారు, చార్టును చూశారు, మళ్లీ ఆమెను చూశారు. గబగబా చిట్టీ రాసి, మొహరు గుద్ది, చార్టు చుట్టి బీరువాలో వేసి తాళం పెట్టారు.

గట్టయ్య చిట్టీ కళ్లకద్దుకుని బయటికొచ్చాడు. బీరయ్య ఎగిరి గంతేశాడు. చంద్రమ్మ ఏడుపులోనే నవ్వింది.

"ఏం రాసిండ్రా?" అంది గోపమ్మ.

గట్టయ్య గొంతు సవరించుకుని అందరికీ వినబడేలా చదివాడు. "చంద్రమ్మకూ బీరయ్యకూ ఏ చుట్టరికమూ లేదు."

"మొహరు గుద్దిండా?"

"గుద్దిండమ్మా. సర్కారు మొహరే."

గోపమ్మ ఆ మొహరును వేలితో తడిమి చూసింది. ఆమె బతుకులో సర్కారు మొహరు పడ్డ మాటను కాదన్నవాడు లేడు. కొంగు దులుపుకుని చంద్రమ్మ రెక్క పట్టుకుంది.

"నడువే బిడ్డా ఇంటికి. ఏ చుట్టరికం లేనోళ్లకు పిల్లనెట్లిస్తం!"