పదివేలవ శిలాఫలకం

శిలాఫలకాల రంగంలో మన రాష్ట్రాన్ని స్వయంసమృద్ధం చేసి తీరుతామని శిలాఫలకాల అభివృద్ధి సంస్థ చైర్మన్ గుండయ్యగారు నయాపూల్ సభలో ప్రకటించినప్పుడు, అందరికంటే గట్టిగా చప్పట్లు కొట్టింది నేనే. కార్వాన్‌లో నాకు పూజాసామాను దుకాణం ఉంది. దుకాణం ముందు మూత లేని మ్యాన్‌హోల్ ఉంది. గిరాకీ అవతలే నిలబడుతుంది. కర్పూరం, అగరుబత్తులు నేను ఇవతలి నుంచి విసురుతాను. విసిరి విసిరి గురి బాగా కుదిరింది గాని, పట్టుకునే ఓపిక జనానికి తగ్గిపోయింది. ఇంకో ఏడాది ఇలాగే సాగితే దుకాణం ఎత్తేయాల్సిందే. మూత అడుగుదామనే సభకు వెళ్లాను.

ఆ వేదిక మీదే అకౌంట్స్ ఆఫీసర్ శ్రీపాద ఒక లెక్క వినిపించాడు. ఫలకాలు చెక్కడానికి రెండు రకాల మిషన్లున్నాయి. చిన్నది రెండు లక్షలు, దాని మీద ఫలకానికి తొమ్మిది వందల ఖర్చు. పెద్దది యాభై రెండు లక్షలు, ఫలకానికి నాలుగు వందలే. పెద్దదానికి అదనంగా పెట్టే యాభై లక్షలు, ఫలకానికి ఐదు వందల చొప్పున తిరిగి రావాలంటే పదివేల ఫలకాలు చెక్కాలి. దాన్నే బ్రేక్ ఈవెన్ అంటారట. అంతకు తక్కువైతే చిన్నదే మేలు. నిరుడు మొత్తం కలిపి మూడు వందలు కూడా చెక్కలేదని, పాపం, ఎవరూ అడక్కుండానే చెప్పాడు.

గుండయ్యగారు అప్పటికే పెద్ద మిషన్ కొనేశారు. అయినా ఆయన లెక్కలను గౌరవించే మనిషి.

"లెక్క కరెక్టే ఉన్నది శ్రీపాదా. మన శంకుస్థాపనలే తక్కువున్నయ్," అన్నారు.

ఆ మర్నాటి నుంచి నగరంలో అభివృద్ధికి అడ్డులేకుండా పోయింది. స్పీడ్ బ్రేకర్లకు, బస్టాపు బెంచీలకు, వీధిదీపాల బల్బులకు విడివిడిగా శంకుస్థాపనలు జరిగాయి. మా ఎదురింటి సుశీలమ్మగారి భర్త గుళ్లో అర్చకులు. మూఢంలో ముహూర్తం పెట్టడం తన వల్ల కాదని ఆయన మొండికేశారు. అప్పుడు మూఢం తొలగింపు పనులకు శంకుస్థాపన చేసి సమస్యను పరిష్కరించారు.

మా మ్యాన్‌హోల్‌కు కూడా న్యాయం జరిగింది. మూత సర్వేకు ఒక ఫలకం, అంచనాకు ఒకటి, టెండరుకు ఒకటి, టెండరు వాయిదాకు ఇంకొకటి వచ్చాయి. ప్రతిసారీ గుండయ్యగారు అవతలి ఒడ్డునే నిలబడి కొబ్బరికాయ కొట్టారు. ఫలకాలన్నీ నా గోడకు బిగించేసరికి దుకాణం బోర్డు కనిపించకుండా పోయింది. ఒకసారి ధైర్యం చేసి, అసలు మూత ఎప్పుడు వేస్తారని అడిగాను.

"మూత ఏస్తే ఒక్కటే పనైతది అన్నా. ఎయ్యకుంటే ఎన్ని శంకుస్థాపనలైతయో నువ్వే జెప్పు," అన్నారు ఓపికగా. నాకు లెక్కలు రావు గనక ఒప్పుకున్నాను.

చివరికి పదివేలవ ఫలకం రోజు రానే వచ్చింది. అది మా మ్యాన్‌హోల్ మూతదే కావడంతో కంచన్‌బాగ్ దగ్గరి వర్క్‌షాపుకు నన్ను కూడా పిలిచారు. ఆవరణ మధ్యలో పెద్ద మిషన్ ఉంది. చెక్కపెట్టె మేకులు ఇంకా ఊడదీయలేదు. పెట్టెకు పూలదండ వేసి ఉంది. దాని ముందు 'మిషన్ షెడ్డుకు శంకుస్థాపన' అని ఒక ఫలకం. ఓ మూల రేకుల కింద చిన్న మిషన్ గరగరమంటూ పదివేలవ ఫలకం చెక్కుతోంది.

శ్రీపాదను పక్కకు పిలిచి ఇదేమిటని అడిగాను.

"అన్నీ చిన్నదాని మీదనే చేసినం అన్నా. పెద్దదాన్ని పెట్టాలంటే షెడ్డు గావాలె. షెడ్డు కట్టనీకి టైమేది? అందరం శంకుస్థాపనలల్లనే ఉంటిమి."

అయితే బ్రేక్ ఈవెన్ రానట్టేనా అన్నాను. ఆయన నొచ్చుకున్నాడు. పదివేలు అన్నాం, పదివేలు చేశాం, ఏ మిషన్ మీద అన్నది సాంకేతిక వివరమని నచ్చజెప్పాడు. ఈలోగా గుండయ్యగారు మైకు అందుకుని, ఇంత గిరాకీ చూశాక రెండో పెద్ద మిషన్ కూడా ఆర్డరు చేశామని ప్రకటించారు. చప్పట్లు ఆగాక నేను చేతులు జోడించి, మూత ఎలాగూ రాదు గనక ఈ రాయినే మూతగా వేయించమని వేడుకున్నాను. ఆయన సరేనన్నారు.

ఆ సాయంత్రమే కార్యకర్తలు వచ్చి, అక్షరాలు పైకి కనిపించేలా రాయిని మ్యాన్‌హోల్ మీద పరిచి, చుట్టూ సిమెంటు పూసి, ఫొటో దిగి వెళ్లారు. కొలిచి చేసినట్టు సరిపోయింది. నిజం చెప్పాలంటే నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి. రాత్రంతా సంతోషంతో నిద్ర పట్టలేదు.

పొద్దున్నే సుశీలమ్మగారు కర్పూరం కోసం వచ్చారు. రాయి అంచుదాకా వచ్చి ఆగిపోయారు. రాయి నిండా గుండయ్యగారి పేరు, బంగారు రంగులో, మూరెడేసి అక్షరాలతో మెరుస్తోంది.

"పెద్దమనిషి పేరు తొక్కుకుంట ఎట్ల రావాలె అన్నా? ఎవరన్న చూస్తే లొల్లయితది. కర్పూరం గిటు విసురు," అన్నారు.

విసిరాను.