ఎవరూ చదవకూడని పోస్టరు

ఆ ఉదయం ప్రెస్సు యజమాని ఈల వేసుకుంటూ నిద్ర లేచాడు. జీతం అడిగినవాళ్ళకల్లా ఒకటే మాట చెప్పడం వల్ల పనివాళ్ళు ఆయనకు చాటుగా ‘రేపుగారు’ అని పేరు పెట్టుకున్నారు. అలాంటి రేపుగారికి కార్మిక శాఖ ఆఫీసు నుంచి ఆర్డరు వచ్చింది. సాయంత్రానికల్లా వెయ్యి పోస్టర్లు, తీసుకెళ్ళేటప్పుడే డబ్బు. దానితో ప్రెస్సు గది అద్దె బకాయి తీర్చేయాలి. తీర్చకపోతే సాయంత్రమే తాళం వేస్తానని గది ఓనరు తాళం కూడా చూపించి వెళ్ళాడు.

డబ్బు కళ్ళ చూడబోతున్నానన్న హుషారులో ఆయన జన్మలో చేయని పని ఒకటి చేశాడు. తాను అచ్చు వేయబోయేది తానే చదివాడు. పనివారికి గడువులోగా జీతం ఇవ్వని యజమాని, ఆలస్యానికి వడ్డీ కూడా కలిపి ఇవ్వాలని అందులో లావుపాటి అక్షరాల్లో ఉంది. తాగుతున్న కాఫీ పొలమారింది. ప్రెస్సులో జీతగాళ్ళు ఇద్దరే. మెషిన్ నడిపే పెద్దాయన ఒకరు, బైండింగు చేసే అక్క ఒకరు. ఇద్దరికీ మూడు నెలల జీతం బాకీ.

అక్కడే కంప్యూటరు మీద కంపోజింగు చేసేది ఆయన భార్య. ఆవిడకు జీతమే లేదు కాబట్టి బాకీ కూడా లేదని ఆయన ధీమా. ఆవిడ మాత్రం ఆయన వీపు నిమురుతూ అసలు విషయం గుర్తు చేసింది.

“పెద్దాయన కూతురికి ఫీజు కట్టడానికి ఎల్లుండే ఆఖరు రోజండీ. కట్టకపోతే ఆ పిల్ల సీటు పోతుంది. ఈ డబ్బు రాగానే ముందు ఆయనకివ్వండి.”

“ఇద్దాంలే, రేపు.”

ఈ పోస్టరును ఈ పనివాళ్ళ చేతే వేయించడమంటే కొరివితో తల గోక్కోవడమే. వేయించకపోతే తాళం. దారిలో ఆయన బుర్ర పాదరసంలా పనిచేసింది. ప్రెస్సులో అడుగు పెడుతూనే బైండింగు అక్కను పిలిచి, ఒంట్లో నలతగా కనిపిస్తున్నావు, ఇంటికెళ్ళి పడుకో అన్నాడు. ఆవిడ గుండ్రాయిలా ఉంది. అయినా వెళ్ళిపోయింది. తరువాత పెద్దాయన చేతులు కడుక్కోవడానికి వెళ్ళిన క్షణంలో, బల్ల మీదున్న ఆయన కళ్ళజోడు రేపుగారి జేబులోకి దిగింది. జోడు లేకపోతే పెద్దాయనకు అక్షరాలన్నీ చీమలే. కానీ చప్పుడు విని మెషిన్ నడపగల మనిషి. అచ్చుకు ఢోకా లేదు.

మెషిన్ దడదడమంటూ మొదలైంది. రేపుగారు చేతులు నలుపుకున్నాడు. అక్కడితో ఆగితే ఈ కథే లేదు.

బైండింగు అక్క వీధి చివర టీ కొట్టు దగ్గర ఆగి కళ్ళు ఒత్తుకుంది. చచ్చేంత జ్వరం వచ్చినా సెలవివ్వని మనిషి అడక్కుండా ఇచ్చాడంటే ప్రెస్సు మూసేస్తున్నట్టే కదా అంది. ఆ మాట టీ కంటే వేడిగా వీధంతా తిరిగింది. అచ్చు పూర్తయ్యేసరికి, రావలసిన బాకీ కోసం కాగితాల వ్యాపారి పరుగున వచ్చాడు. ఆయన వెనకే ఇంకుల వాడు. ఇంకుల వాడి వెనక, సాయంత్రం దాకా ఆగలేక, తాళంతో గది ఓనరు. అందరి వెనకా, తన జీతం సంగతేమిటో తేల్చుకుందామని బైండింగు అక్క. నలుగురు పట్టని ఆ గదిలో ఇంతమంది నిలబడి ఒకేసారి మాట్లాడసాగారు. వాళ్ళ కాళ్ళ మధ్య పెద్దాయన వంగి కళ్ళజోడు వెతుక్కుంటున్నాడు.

రేపుగారికి ముచ్చెమటలు పోశాయి. మూయడం లేదు మొర్రో అన్నా ఎవరూ వినలేదు. చివరికి తడి ఆరని పోస్టరొకటి లాగి, ఇదిగో ఆర్డరంటూ కాగితాల వ్యాపారి మొహాన పెట్టాడు. చేసిన పనేమిటో తెలిసేసరికి ఆలస్యమైపోయింది. ఆ వ్యాపారిది మామూలుగా మాట్లాడినా నాలుగిళ్ళకు వినిపించే గొంతు. మొదటి అక్షరం నుంచి చివరి దాకా చదివాడు. ‘వడ్డీ’ దగ్గర ఇంకా గట్టిగా చదివాడు.

లాక్కుందామని రేపుగారు ముందుకు వంగాడు. జేబులోంచి కళ్ళజోడు జారి, సరిగ్గా పెద్దాయన చేతి దగ్గర పడింది. తేలు కుట్టిన దొంగలా ఉండిపోయాడు రేపుగారు.

పెద్దాయన జోడు తుడుచుకుని పెట్టుకున్నాడు. పోస్టరు వైపు చూడనైనా చూడలేదు.

“ఇది మనం ఏటా వేసేదే కదా సార్. పోయినేటిది మన బాత్రూమ్ తలుపుకి లోపలి పక్క అంటించాను. జీతం అడగ్గానే మీరు దూరేది అందులోకే కదా, కూర్చుని చదువుతారని.”

“నేనెప్పుడూ చూడలేదే?”

“లైటార్పేసి కూర్చుంటారు కదా సార్. చెప్పులు మాత్రం బయటే ఉంటాయి.”

ఇంకుల వాడు నవ్వు ఆపుకోలేక గోడ పట్టుకున్నాడు. అప్పుడే పోస్టర్ల కోసం కార్మిక శాఖ ఉద్యోగి వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. గోడకెక్కకముందే తమ పోస్టరును ఇంతమంది చదువుతున్నందుకు పొంగిపోయి, మీలో జీతం రావలసినవాళ్ళు ఎవరైనా ఉన్నారా అని మర్యాదకు అడిగాడు. రెండు చేతులు లేచాయి. ఉద్యోగి ముఖంలోని మర్యాద కాస్త మారింది. ఆయన తీసిన డబ్బు రేపుగారి చేతికి అందేలోపే కంప్యూటరు ముందు నుంచి భార్య లేచి వచ్చి పుచ్చుకుంది. పెద్దాయనకూ అక్కకూ మూడు నెలల జీతం, దాని మీద వడ్డీ లెక్కకట్టి చేతిలో పెట్టింది. పెద్దాయన నోట్లు గుండెకు హత్తుకుని, కూతురికి ఫోను చేశాడు. సీటు దక్కిందమ్మా అంటూ కళ్ళజోడు తీసి కళ్ళు తుడుచుకున్నాడు. అది చూసి రేపుగారికి కూడా నిజంగానే కళ్ళు చెమర్చాయి.

చెమర్చిన కళ్ళతోనే మిగిలిన డబ్బు లెక్కపెట్టుకున్నాడు. అద్దెకు కొంచెం తక్కువైంది. గది ఓనరు తాళం చేతిలో ఎగరేసి పట్టుకుంటూ, ఇప్పటికిప్పుడు సర్దితే సరే సరి, లేదంటే రేపు పొద్దున్నే వస్తానన్నాడు. ఆ ‘రేపు’ ఎంత దగ్గరగా ఉంటుందో రేపుగారికి మొదటిసారి తెలిసింది. గొంతు సవరించుకుని పెద్దాయన పక్కకు చేరాడు.

“ఫీజుకి పోగా నీ దగ్గర మిగులుతుంది కదా, ఓ చిన్న చేబదులు ఇస్తావా? రేపు ఇచ్చేస్తాను.”

పెద్దాయన బాత్రూము గుమ్మం దగ్గర చెప్పులు విడిచి, లోపలికి వెళ్ళి లైటార్పేశాడు.