మధ్యగది కొలతలు

ఆ ఉదయం దర్జీ వేసుకున్న పథకం చాలా చిన్నది. గది ఎవరి వాడుకలో ఉందో కళ్ళారా చూసి కోర్టుకు చెప్పే కమిషనర్ మధ్యాహ్నం వస్తాడు. ఆలోగా కుట్టుమిషన్‌ను మధ్యగదిలోకి చేర్చాలి. ఇల్లు తనూ, తోడల్లుడైన ఫోటోగ్రాఫరూ కలిసి కొన్నది. ముందుగది ఒకరికి, వెనకగది ఒకరికి అనుకున్నారు. పెద్ద కిటికీ ఉన్న మధ్యగది దగ్గర పేచీ వచ్చి, మూడేళ్ళుగా కోర్టులో నలుగుతోంది. దర్జీకి చూపు తగ్గుతోంది. ఆ వెలుతురు పోతే దుకాణం కట్టేసుకోవడమే. ఆ భయంతో అతనికి నిద్ర కూడా సరిగ్గా పట్టడం లేదు.

గదిని నేనొక్కడినే వాడుకుంటున్నానని ఇద్దరూ కోర్టులో ప్రమాణం చేసి ఉన్నారు. నిజానికి అందులో పడుకునేది వాళ్ళ అత్తగారు. ఆ చిన్న సంగతి చెప్పడం ఇద్దరూ మరిచిపోయారు. అందుకే తెల్లవారగానే ఆవిడ మంచాన్ని చెరోవైపు పట్టి పెరటి వరండాలోకి మోశారు. మూడేళ్ళలో వాళ్ళు కలిసి చేసిన పని అదొక్కటే.

దర్జీ మిషన్ తెచ్చేసరికి ఫోటోగ్రాఫర్ అదే గదిలో నీలం తెర కట్టి, ముందు స్టూలు వేసి, కెమెరా నిలబెట్టేశాడు. తాడిని తన్నేవాడుంటే వాడి తలదన్నేవాడు ఉంటాడు కదా. దర్జీ గుడ్లప్పగించి చూసి, మిషన్‌ను కిటికీ పక్కకు తోశాడు. ఇక కమిషనర్ వచ్చే వేళకు ఎవరి గిరాకీ గదిలో ఉంటే గది వాళ్ళదే. ఇద్దరూ వీధి గుమ్మంలో కాపు కాశారు.

అంతలో సంచీ పట్టుకుని ఒక బట్టతల పెద్దమనిషి మెట్లెక్కాడు. కోర్టు మనుషులు ఆలస్యంగా వస్తారని అందరికీ తెలుసు గాని, ముందే వస్తారని ఎవరు కలగంటారు? గిరాకీయే అనుకుని ఇద్దరూ చెరో రెక్కా పట్టుకుని ఆయన్ని మధ్యగదిలోకి లాక్కుపోయారు.

"నేను..." అని ఆయన మొదలుపెట్టాడు.

"మాట్లాడకండి సార్, ఛాతీ కొలత మారిపోతుంది," అంటూ దర్జీ టేపు చుట్టేశాడు. అంతటితో ఊరుకోక, కత్తిరించి పెట్టిన కోటు గుడ్డ తెచ్చి ఆయన ఒంటిమీదే గుండుసూదులతో పట్టేశాడు. కదిలితే గుచ్చుకుంటుంది. పాపం ఆయన ఊపిరి బిగబట్టాడు. ఫోటోగ్రాఫర్ ఆయన్ని సూదులతో సహా స్టూలుమీద కూర్చోబెట్టి, గడ్డం పట్టి ఎత్తి, పెదవి కదపొద్దన్నాడు. దీపాల వెలుగుకు ఆయన కళ్ళు చెదిరిపోయాయి.

దర్జీ ఆయన ఎడమచెవి దగ్గరికి వంగాడు. "సార్, ఇంకాసేపట్లో కోర్టు నుంచి ఒకాయన వస్తాడు. మూడేళ్ళుగా ఈ గదిలోనే బట్టలు కుట్టించుకుంటున్నానని ఒక్క ముక్క చెప్పండి చాలు. కోటు ఊరికే కుట్టిపెడతాను."

కుడిచెవిలో ఫోటోగ్రాఫర్ కూడా అదే అడిగి, ఫోటోకి ఫ్రేము కట్టించి ఇస్తానన్నాడు. పైగా వచ్చే కమిషనర్ ఏమంత తెలివైనవాడు కాదట, ఏం చెప్పినా నమ్ముతాడట అని ధైర్యం చెప్పాడు.

పెద్దమనిషి సూదులు గుచ్చుకోకుండా మెల్లగా సంచీలో చెయ్యి పెట్టి, కోర్టు ముద్ర ఉన్న కాగితం తీశాడు.

"ఆ తెలివితక్కువవాణ్ణి నేనే," అన్నాడు.

దర్జీ చేతిలోంచి టేపు జారిపోయింది. నోరు తెరుచుకుండిపోయింది. కిటికీ, వెలుతురు, దుకాణం అన్నీ ఒక్క దెబ్బతో పోయాయనిపించింది. ఫోటోగ్రాఫర్ ముఖంలో నెత్తురుచుక్క లేదు. సరిగ్గా అప్పుడే తెర పక్కకు తొలగి, అత్తగారి తల బయటికి వచ్చింది. అదిరిపడిన ఫోటోగ్రాఫర్ ఏం చేస్తున్నాడో తెలియకుండానే కెమెరా మీట నొక్కేశాడు.

పెరటిగాలి పడక, అల్లుళ్ళు వీధిలో ఉండగా ఆవిడ దిండు చంకన పెట్టుకుని వచ్చేసి, తెర వెనక తన మూలలోనే పడుకున్నారు.

"నా గదిలో ఇంతమంది ఏమిటి నాయనా?" అన్నారు ఆవిడ. "అల్లుళ్ళు మంచం మోసుకుపోతుంటే గది కడుగుతారు కాబోలు అనుకున్నాను."

ఎన్నాళ్ళుగా ఇక్కడ ఉంటున్నారని కమిషనర్ అడిగాడు. ఇల్లు కొన్న రోజు నుంచీ అని ఆవిడ చెప్పారు. వంటింటి గుమ్మంలో నిలబడ్డ కూతుళ్ళిద్దరూ అవునని తలూపారు. మొగుళ్ళిద్దరూ నేలచూపులు చూశారు.

అత్తగారిని పిల్లి అనకూడదు గాని, చివరికి పిట్టపోరు పిట్టపోరు పిల్లి తీర్చినట్టే అయింది. వాటాలు తేలేదాకా గది ఆవిడ వాడుకలోనే ఉండాలనీ, అబద్ధపు ప్రమాణాలకు అల్లుళ్ళిద్దరూ సంజాయిషీ ఇవ్వాలనీ నివేదిక చూశాక కోర్టు చెప్పింది. ఆ ఉత్తర్వు వచ్చిన సాయంత్రం దర్జీ మిషన్‌ను బయటికి జరపబోయాడు. అత్తగారు అడ్డం వచ్చారు.

"పొద్దుటిపూట మీరు కుట్టుకోండి బాబూ, మధ్యాహ్నం చిన్నల్లుడుగారు ఫోటోలు తీసుకుంటారు. ఈ మాట మూడేళ్ళ కిందట నన్నడిగితే అప్పుడే చెప్పేదాన్ని. ఏదీ, మీ చొక్కాకి గుచ్చుకున్న ఆ సూది ఇలా ఇవ్వండి."

దర్జీకి కనబడని సూదిరంధ్రంలోకి ఆవిడ మొదటిసారికే దారం ఎక్కించి ఇచ్చారు. దర్జీకి సిగ్గుతో తల ఎత్తబుద్ధి కాలేదు.

కమిషనర్ తన నివేదికకు సాక్ష్యంగా జత చేసింది ఆ రోజు పడిన ఫోటోనే. అందులో దర్జీ నోరు తెరుచుకుని ఉన్నాడు, కమిషనర్ కళ్ళు మూసుకుపోయి ఉన్నాయి, అత్తగారొక్కరే చక్కగా పడ్డారు.