కొర్రలకు పాలిష్

ఒక పెద్ద అడవిలో పండించేవాళ్లు కొండ మీదా, పండినదాని గురించి మాట్లాడేవాళ్లు కొండ కిందా ఉండేవాళ్లు. చిన్న అడవుల సంగతి నాకు తెలియదు గానీ, పెద్ద అడవులన్నీ ఇంతే.

కొండ మీద పూరేడు పిట్టలు కొర్రలు పండించుకునేవి. తొలకరికి గింజ చల్లి, పంట కోసి, ఏడాదికి సరిపడా దాచుకుని, ఏ పూటకు కావలసింది ఆ పూట పొట్టు తీసుకుని తినేవి. మేలైన కంకులు ఏరి, ఆ గింజలను బూడిదలో కలిపి, ఎండిన సొరకాయ బుర్రలో పోసి మూతి బిగించేవి. అవి విత్తనాలు. పిల్లలు ఆకలికి ఏడ్చినా సరే, ఆ బుర్ర జోలికి ఎవరూ పోకూడదు. కొండ మీద ఉన్న చట్టం అదొక్కటే.

కొండ కింద మాత్రం అందరిదీ తెల్లన్నం. "కొర్రలా? అవి పిట్టలు తినేవి కదా!" అని ఎలుగుబంటి కూడా ముక్కు చిట్లించేది. చెదపురుగులు తినే జంతువుకు అంత నాజూకు ఎక్కణ్ణుంచి వచ్చిందో!

ఆ అడవికి రాజు సింహం. బుద్ధెరిగాక ఒక్క గింజ నమిలి ఎరగడు. అందువల్ల ఆహార శాఖ కూడా ఆయన దగ్గరే ఉండేది.

ఒక చలికాలం దూరదేశం నుంచి ఒక కొంగ వలస వచ్చింది. కొండ మీద దిగి, ఓబుళమ్మ అనే పూరేడు పిట్ట పెట్టిన కొర్రన్నం తిని, నేరుగా రాజసభకు వెళ్లింది.

"మహారాజా, మా దేశంలో అందరికీ ఒళ్లు బరువెక్కిపోయింది. మా కొంగలు ఎగరడం మానేసి నడిచి వలస పోతున్నాయి. వైద్యులు కొర్రలు తినమన్నారు. ఇప్పుడు మా సరస్సు గట్టున కొర్రలు తినని ఇంటికి పిల్లనివ్వడం లేదు. మీ కొండ మీది కొర్రలు కొన్ని తీసుకెళ్తాను. బదులుగా మా సరస్సు చేపలు ఇస్తాను" అంది.

చేపలనగానే సభలో అందరికీ కొర్రల మీద గౌరవం పుట్టుకొచ్చింది.

పెరటి చెట్టు వైద్యానికి పనికిరాదంటారు. అదే చెట్టును పొరుగూరివాడు పొగిడితే మాత్రం, వేళ్లతో సహా పీక్కుని ఇంట్లో పెట్టుకుంటాం.

"నేను ఎప్పటినుంచో చెబుతూనే ఉన్నాను" అంది ఎలుగుబంటి.

కొంగ ఒక మూటెడు కొర్రలు తీసుకుని, చేపలు ఇచ్చి వెళ్లిపోయింది. కొర్రలు కొండవి, చేపలు సభవి. ఆ పంపకం గురించి ఎవరూ మాట్లాడలేదు.

మరునాడే 'చిరుధాన్యాల మండలి' ఏర్పడింది. అధ్యక్షుడు నక్క. మార్కెట్ పండితుడు కోతి. చెట్టు చిటారున కూర్చుంటుంది కాబట్టి దానికి దూరదేశాల సంగతులు కనిపిస్తాయని అందరి నమ్మకం.

"మాలో ఒకరికి గూడా చోటిస్తే బాగుంటాది సామీ" అని అడిగింది ఓబుళమ్మ.

"మీరు పండించేవాళ్లు కదమ్మా, మీకు తీరిక ఎక్కడిది?" అంది నక్క, ఎంతో జాలిగా.

మొదటి సమావేశంలో కోతి ఇసుక మీద తోకతో ఒక గీత మొదలుపెట్టింది. "పోయినేడు కొర్రల గిరాకీ ఇదిగో, ఇక్కడ ప్రభూ. ఈ ఏడు ఇక్కడ. వచ్చే ఏడు..." అంటూ వెనక్కి వెనక్కి నడుస్తూ గీతను పైకి లాక్కుపోయింది. గీత సింహం కాళ్ల మధ్య నుంచి దూరి, వాగు గట్టు ఎక్కి, బండరాయి దగ్గర ఆగింది.

"అక్కడితో ఆఖరా?" అంది సింహం.

"ఇసుక అయిపోయింది ప్రభూ, గీత అయిపోలేదు. దీన్నే ప్రపంచ మార్కెట్ ధోరణి అంటారు."

"మళ్లీ కిందికి దిగదా?"

"దిగే గీత గీయడం మాకు నేర్పలేదు ప్రభూ."

నక్క గొంతు సవరించుకుంది. "అయితే ఒక పని చేద్దాం. కొండ మీది కొర్రలన్నీ మండలి సేకరించాలి. ఒక్క గింజ కూడా బయటికి పోకూడదు. వచ్చే చలికాలానికి కొంగ వస్తుంది. అప్పుడు మనం చెప్పిందే ధర. అయితే ఆ గింజ రంగే బాగాలేదు, మట్టిలా ఉంది. విదేశాలవాళ్లకు మెరుపు కావాలి. పొట్టు తీసి, పైనున్న తవుడు కూడా గీకేసి, తళతళలాడేలా పాలిష్ పట్టిద్దాం."

పాలిష్ మర కాంట్రాక్టు పందికొక్కులకు దక్కింది. కూలి ఏమీ వద్దు, గీకిన తవుడు ఇస్తే చాలన్నాయి. ఎంత నిస్వార్థమో అని సభంతా చప్పట్లు కొట్టింది.

ఆలు లేదు చూలు లేదు, కొడుకు పేరు సోమలింగమన్నట్టు, రాబోయే చేపలను ఎండబెట్టడానికి సింహం గుహ ముందు పందిరి కూడా వేయించారు.

సేకరణకు అడవిపందులను వెంటేసుకుని నక్కా కోతీ కొండెక్కాయి. తిండిగింజలు ఎత్తించాక, నక్క చూపు ఓబుళమ్మ గూట్లో ఉన్న సొరకాయ బుర్ర మీద పడింది.

"అవి ఇత్తనాలు సామీ. తిండిగింజలు తీసుకపోండి, కాదనను. వీటి జోలికి మాత్రం రావద్దండి" అని ఓబుళమ్మ అడ్డం నిలబడింది.

నక్క మూత తీసి చూసింది. "ఎంత పనిమంతురాలివి ఓబుళమ్మా! మొదటి రకం గింజలు బుర్రలో, రెండో రకం మండలికా?"

"అట్ల కాదు సామీ. ఇవి మరకు పోతే మళ్లా మొలకెత్తవు."

"నీకెవరు చెప్పారు?"

"ఎవరో చెప్పేదేముంది సామీ? పొట్టు ల్యాకుండా చల్లితే మొలవదు, అంతే."

కోతి నవ్వింది. "చూడమ్మా, మొలక బయటికి రావాలంటే పొట్టు అడ్డం. ఆ అడ్డం మేమే తీసేసి ఇస్తున్నాం. నీ పని ఇంకా సులువవుతుంది కదా? వానలకు ముందు పాలిష్ పట్టిన విత్తనం మండలే పంచుతుంది."

ఓబుళమ్మ కదల్లేదు. నక్క కూడా పోట్లాడలేదు. దానికి పోట్లాడే అవసరం ఎప్పుడూ రాదు. చెట్టు మొదట్లో నిలబడి ఒక ప్రకటన చేసింది. "కొర్రలన్నీ ఇచ్చినందుకు కొండవాళ్లందరికీ తొలకరి దాకా తెల్ల నూకలు! అయితే విత్తనాలతో సహా అన్ని గూళ్లవాళ్లూ ఇవ్వాలి. ఒక్క గూడు ఇవ్వకపోయినా ఎవరికీ లేవు."

సాయంత్రానికి కొండ కొండంతా ఓబుళమ్మ గూటి ముందు చేరింది.

"నువ్వొక్కదానివే తెలివైనదానివా? మాకు ఇత్తనాలు ల్యావా? మేం ఇయ్యలేదా?" అని పక్క గూటి లచ్చుమక్క చేతులు తిప్పినట్టు రెక్కలు తిప్పింది. "నీ వల్ల మా పిల్లోళ్ల నోటికాడ కూడు పోవల్నా?"

ఓబుళమ్మ పిల్లలు కూడా కొంగు పట్టుకున్నట్టు రెక్క పట్టుకుని వేలాడాయి. "అమ్మా, తెల్లన్నం అమ్మా! ఒక్కసారి అమ్మా!"

ఓబుళమ్మ బుర్ర ఇచ్చేసింది. ఆ పూట పిల్లలు తెల్లన్నం తిని గూడంతా గంతులేశాయి. అడిగినవాళ్ల మీద కంటే ఇచ్చిన తన మీదే ఆమెకు ఎక్కువ కోపం వచ్చింది.

వేసవంతా మర ఆడింది. కొర్రలు ముత్యాల్లా మెరిశాయి. పందికొక్కులు అంతకంటే మెరిశాయి. గింజలోని బలమంతా తవుడులోనే ఉందని వాటికి ఎవరూ చెప్పలేదు, అవి కూడా ఎవరికీ చెప్పలేదు. మెరిసే కొర్రలను సింహం గుహ పక్కనున్న గుహలో రాశులు పోసి, గాలి చొరబడకుండా బండ అడ్డం పెట్టారు.

తొలకరి పడింది. మండలి విత్తనోత్సవం జరిపింది. సింహం కొండెక్కి తన పంజాతో పాలిష్ గింజలు చల్లింది. నెమలి ఆడింది. "ఇకపై మన పైరు కూడా మెరుస్తుంది" అని నక్క ఉపన్యసించింది. కొండంతా చప్పట్లు కొట్టింది. ఓబుళమ్మ కూడా కొట్టింది, పందులు చూస్తున్నాయి కాబట్టి.

గడ్డి మొలిచింది. తుమ్మ మొలిచింది. కొర్ర మాత్రం మొలవలేదు.

మండలి విచారణ సంఘం వేసింది. సంఘంలో కోతి ఒక్కతే ఉంది కాబట్టి అభిప్రాయభేదాలు రాలేదు. "విత్తనం అంతర్జాతీయ స్థాయిది. నేల వెనకబడి ఉంది" అని తేల్చింది.

నూకలు తొలకరి దాకానేనన్నది ఒప్పందం. మండలి ఒప్పందం తప్పే రకం కాదు. తొలకరి పడిన రోజు నుంచే నూకలు ఆపేసింది.

కొండ మీద ఆకలి మొదలైంది. పిట్టలు పురుగుల కోసం రాళ్లు తిరగేశాయి, గడ్డిగింజలు ఏరుకున్నాయి. చలి వచ్చేసరికి అవి కూడా కరువయ్యాయి. ఓబుళమ్మ పిల్లల్లో అందరికంటే చిన్నదానికి కాళ్లు నిలవడం లేదు. "అమ్మా, తెల్లన్నం వద్దులే, కొర్రన్నమే పెట్టు" అంటుంటే, ఆ తల్లి ఏం చెబుతుంది? లచ్చుమక్క తన పిల్లలను రెక్కల కింద దాచుకుని, ఓబుళమ్మ మొహం చూడలేక అటు తిరిగి కూర్చునేది.

అప్పుడు కొంగ మళ్లీ వచ్చింది.

సభంతా గుహ ముందు చేరింది. చూడటానికి కొండ మీది పిట్టలు కూడా దిగివచ్చాయి. పందిరి కింద సింహం, పక్కన నక్క. "చూసి కళ్లు చెదిరితే మా పూచీ లేదు" అంటూ నక్క బండ తీయించింది.

ముక్కిపోయిన కంపు గుప్పున కొట్టింది. సింహం తుమ్మింది. రాశుల్లో పురుగులు గింజల కంటే ఎక్కువగా మెదులుతున్నాయి.

కొంగ పొడవాటి ముక్కును రెక్కలో దాచుకుంది. "ఇదేమిటి? పొట్టు తీసిన కొర్ర ఇన్నాళ్లు నిలవ ఉంటుందా? పైగా మా దగ్గర ఇప్పుడు మెరిసే గింజంటే అనుమానం. పొట్టుతోనే ఇవ్వమంటున్నారు, కళ్ల ముందు దంచుకుంటామంటున్నారు. ఇంకో మాట కూడా అడుగుతున్నారు. పండించేవాళ్లు ఇదే తింటున్నారా అని."

"తినక! మూడు పూటలా అదే" అంది నక్క.

కొంగ గుంపులో ఓబుళమ్మను చూసి గుర్తుపట్టింది. "అమ్మా, మీరు కొర్రలు తింటున్నారా?"

"తింటా ఉంటిమి సామీ."

"మరి ఇప్పుడో?"

"ఇప్పుడు ఏమీ తినడం ల్యా."

కొంగ తాను తెచ్చిన చేపల బుట్ట మళ్లీ భుజానికి తగిలించుకుంది. వెళ్తూ వెళ్తూ తన దారిబత్తెం మూట విప్పి, పొట్టుతో ఉన్న గుప్పెడు కొర్రలు ఓబుళమ్మ ముందు పోసింది. "పోయినేడు ఇక్కణ్ణుంచి తీసుకెళ్లినవి మా గట్టున కొన్ని చల్లాం. ఇవి ఆ పంటవే."

"ఆగండి! విదేశీ విత్తనం. మండలి అనుమతి లేకుండా అడవిలో దిగడానికి వీల్లేదు!" అని నక్క ముందుకు దూకింది.

"అందులో చేపలేమైనా ఉన్నాయా?" అని అడిగింది సింహం.

"లేవు ప్రభూ."

"అయితే పోనీ" అని సింహం లేచి వెళ్లిపోయింది.

ఓబుళమ్మ గింజలు ముక్కున కరుచుకుని కొండెక్కింది. పిల్లలు ఎగబడ్డాయి. చిన్నది కూడా పాక్కుంటూ వచ్చింది. ఆ తల్లి వాటిని రెక్కలతో కొట్టి తరిమింది, తరుముతూ ఏడ్చింది. ఒక్క గింజ కూడా ఎవరి నోట్లోకీ పోనివ్వకుండా, కొండ ఊట పక్కన చెమ్మ ఉన్న చోట అన్నీ చల్లేసింది. పంట చేతికొచ్చేదాకా లచ్చుమక్కా, తక్కిన పిట్టలూ వంతులవారీగా కాపలా కాశాయి. ఎవరికి పురుగు దొరికినా ముందు ఆ చిన్నదానికే పెట్టాయి.

మొలకొచ్చింది. కంకి దిగింది. గింజలన్నీ మళ్లీ చల్లారు. మరుసటి తొలకరికి కొండంతా పచ్చబడింది.

పచ్చదనం కింద నుంచి కూడా కనబడుతుంది. పంట కోసిన వారంలోనే నక్కా కోతీ రొప్పుతూ కొండెక్కాయి.

"ఏమమ్మా ఓబుళమ్మా, కొర్రలు బాగా పండినట్టున్నాయి? ఈసారి మండలి కొత్త పథకం తెచ్చింది" అంది నక్క.

ఓబుళమ్మ నిట్టూర్చింది. "ఏం చెప్పమంటావు సామీ! పండినాయి గానీ పాడు గింజలు. గొంతులో గుచ్చుకుంటాయి. తింటే కడుపునొప్పి. గతి ల్యాక తింటాండాము. మీరొకసారి రుచి చూస్తే తెలుస్తాది."

పిల్లల ముందు కొర్రన్నం పెట్టింది. పిల్లలు ముద్ద నోట్లో పెట్టుకుని మొహాలు వికారంగా పెట్టాయి. లచ్చుమక్క ఓ మూల కూర్చుని దగ్గింది. కోలుకున్న చిన్నది మాత్రం నేర్పినదానికంటే ఎక్కువ చేసింది. కడుపు పట్టుకుని వెల్లకిలా పడి కాళ్లు కొట్టుకుంది.

నక్క నాలుగడుగులు వెనక్కి వేసింది. "దీన్నా మనం విదేశాలకు పంపాలనుకున్నది?"

"నేను ఎప్పుడో అనుకున్నాను" అంది కోతి. "ఇప్పుడు ప్రపంచ మార్కెట్లో ఇప్పపువ్వు నడుస్తోంది. పదండి, ఎలుగుబంటి దగ్గరికి పోదాం."

రెండూ గబగబా కొండ దిగిపోయాయి. వాటి తోకలు పొదల్లో కనుమరుగయ్యేదాకా ఓబుళమ్మ మొహం అట్లాగే వేలాడేసుకుని నిలబడింది. తర్వాత వెనక్కి తిరిగి, "తినండి నాయనా, ఇంగ నవ్వుకుంటా తినండి" అంటూ ఇంకో గరిటె వడ్డించింది.

నీతి: మన తిండిని పెద్దలు తిట్టినంతకాలం మన కడుపుకు ఢోకా లేదు.